ఒక దెబ్బ కుడి, రెండు దెబ్బలు ఎడమ

ఖమ్మం,
4 ఆగస్టు 2024

కోటేష్ అన్నకు,

నీ ఉత్తరం అందింది. సమాధానం రాయడం ఆలస్యమైంది. బడి తెరిచినప్పటి నుంచి లైబ్రరీలో కొత్త పుస్తకాలకు అట్టలు వేయడంతోనే సరిపోతోంది. నేను చదివిన కాన్వెంటులోనే ఉద్యోగం దొరకడం మంచిదయింది. ఇక్కడ ఎవరితోనూ గట్టిగా మాట్లాడే పని లేదు. పుస్తకం ఇస్తాను, తీసుకుంటాను, తేదీ వేస్తాను.

రెండేళ్ల కింద నువ్వు "ఫోన్‌లో ముక్కలు ముక్కలుగా వద్దు చెల్లే, తీరిగ్గా కాగితం మీద రాయి" అన్నప్పుడు నాకు ఎంత హాయిగా అనిపించిందో ఎప్పుడూ చెప్పలేదు. ఫోన్ మోగితే నాకు చేతులు చల్లబడతాయి. అది తెలిసి, నా కోసమే ఈ ఏర్పాటు చేశావనుకుంటున్నాను.

మన యాడికి మాత్రం కన్న కొడుకు మీద కోపం పోలేదు. చదవడం రాయడం రాదు కాబట్టి ఆమె మాటలు రికార్డు చేసి నీకు పంపుతుంది. నువ్వు ప్రతిదానికీ బొటనవేలి బొమ్మ పంపుతావు. పోయిన నెల బర్రె చచ్చిపోయిందని ఏడుస్తూ పంపితే దానికీ బొటనవేలే వచ్చింది. "నా బర్రె సస్తె వీనికి ఖుషీ అయిందా?" అని ఒక పూట అన్నం మానేసింది.

ఇంకొకటి. మే నెలలో నువ్వు కారేపల్లిలో దిగి తండాకు నడిచి వచ్చినప్పుడు సువర్ణ పిన్ని వెనక నుంచి మూడుసార్లు పిలిచిందట. నువ్వు తిరిగి చూడలేదట. "దేశానికే చాంపియన్ అయిండు కద, మెడ తిరుగుతలేదు పిలగానికి" అని బోరింగు దగ్గర అందరి ముందూ అంది. నేను అక్కడే బిందె పట్టుకుని ఉన్నాను. నువ్వు అలాంటివాడివి కావని చెప్పడానికి నోరు రాలేదు. అందుకే ఇక్కడ రాస్తున్నాను.

ఏడో తరగతి పిల్లలు మీ అన్న ఏం చేస్తాడని అడిగారు. రేసు కారు నడుపుతాడని చెప్పాను. మరి పక్క సీట్లో ఇంకో ఆయన ఎందుకు కూర్చుంటాడని అడిగారు. నాకు సరిగా చెప్పడం రాలేదు. రాసి పంపు. పక్క సీటు నాగరాజన్నను అడిగానని చెప్పు.

భార్గవి


కోయంబత్తూరు,
21 ఆగస్టు 2024

చెల్లె భార్గవికి,

బర్రె సంగతి నీ ఉత్తరం చూసేదాకా నాకు తెలియదు. యాడి పంపినవి వినే తీరిక లేక వేలు నొక్కేస్తున్నాను. తప్పు నాదే. ఆమెకు నా తరఫున దండం పెట్టు. సువర్ణ పిన్నికి మాత్రం ఇట్లా చెప్పు: కారులో మెడ కదలకుండా పట్టా వేస్తారు, ఏడాదంతా అదే అలవాటై చాంపియన్ మెడ నిజంగానే పట్టేసింది. కావాలంటే వచ్చి నూనె రాయమను.

ఇక పిల్లల ప్రశ్న. మాది గుండ్రంగా తిరిగే పందెం కాదు, ర్యాలీ. అడవి దారి, కొండ దారి, మట్టి దారి. ఒక్కో కారును కొంత వ్యవధి ఇచ్చి విడివిడిగా వదులుతారు. ఎవరు తక్కువ సమయంలో చేరితే వాళ్లు గెలిచినట్టు. మలుపు అవతల ఏముందో నాకు కనబడదు. అందుకని పందేనికి ముందు నేనూ నాగరాజూ అదే దారిలో మెల్లగా పోయి, ప్రతి మలుపునూ ప్రతి గుంటనూ ఒక పుస్తకంలో రాసుకుంటాం. వాటిని నోట్స్ అంటాం. పందెం రోజున నావిగేటర్‌గా అతను పుస్తకం చూసి చదువుతాడు, నేను తిప్పుతాను. కుడి అంటే కుడి. అక్కడ ఆలోచించడానికి వీలుండదు. ఈ లోకంలో నేను కళ్లు మూసుకుని నమ్మేది ఆ ఒక్కణ్ణే.

మేము మొదలుపెట్టింది బీడీలు చుట్టే తునికాకు మోసే జీపులో అని కూడా చెప్పు. అప్పుడు నాకూ వాడికీ పంతొమ్మిదేళ్లు. దుమ్ముగూడెం అవతల కల్లాల నుంచి గోదాముకు ఆకు బస్తాలు తోలేవాళ్లం. ఆ జీపుకు సైలెన్సర్ లేదు, తలుపులు లేవు. పక్కన కూర్చుని అరిచినా మాట తెలిసేది కాదు. వాడు నా ఎడమ తొడ మీద కొట్టి దారి చెప్పేవాడు. ఒక దెబ్బ కుడి, రెండు దెబ్బలు ఎడమ, అరచెయ్యి ఆనిస్తే బ్రేకు. ఐదు ఎండాకాలాలు అలా తోలాం. ఒక్క బస్తా కింద పడలేదు.

మొదటి ర్యాలీకి వచ్చినప్పుడు మా మేనేజరు ఉదయ్ భాస్కర్ సార్ వాణ్ణి ఎగాదిగా చూసి "ఇతనికి చదవడం వచ్చా?" అని నన్ను అడిగారు. నాగరాజు సార్ చేతిలోని పేపరు తీసుకుని ఆ పేజీ మొత్తం పైకి చదివి, ఆఖర్న అచ్చు వేసినవాడి పేరూ అడ్రసూ కూడా చదివి, మడిచి ఇచ్చాడు. వాళ్ల ఆదివాసీ ఊళ్లో పదో తరగతి పాసైన మొదటివాడు వాడు. ఆ సంగతి ఎవరినీ మర్చిపోనివ్వడు.

వచ్చే నెల చిక్కమగళూరు కాఫీ తోటల్లో పందెం. పాయింట్లలో ముందున్నాను. ఏ పొరపాటూ లేకుండా బయటపడితే వరుసగా రెండో ఏడు చాంపియన్.

ఉత్తరాలు మానకు.

కోటేష్


ఖమ్మం,
17 సెప్టెంబర్ 2024

అన్నా,

నిన్న ప్రిన్సిపల్ సిస్టర్ నన్ను ఆఫీసులోకి పిలిచి ముందు కూర్చోమంది. ఎందుకు కూర్చోమంటుందో అర్థం కాలేదు. కంప్యూటర్‌లో వీడియో ఉంది. దారి కుడికి తిరిగి ఉంది. నీ కారు ఎడమకు పోయింది. వాగులో తలకిందులుగా పడింది. ఒక చక్రం ఇంకా తిరుగుతోంది. నేను ఆ చక్రాన్నే చూశాను. అది ఆగేదాకా వీడియో ఉంది.

దారి కుడికి ఉంది అన్నా. కారు నడపడం రాని నాకే తెలిసింది.

బాపు ట్రాక్టరును మడిలోనే వదిలేసి బురద కాళ్లతో ఖమ్మం వచ్చాడు. యాడిని తీసుకొచ్చాడు. రాత్రి ఉదయ్ భాస్కర్ సార్ ఫోన్ చేశారు. నీకు భుజం విరిగిందనీ, నాగరాజన్నకు వెన్నుపూస దెబ్బతిన్నదనీ చెప్పారు. నీకు ఫోన్ ఇస్తానన్నారు. యాడి లాక్కుంది. "కోటేశా, ఒక్క మాట మాట్లాడు బిడ్డా. ఒక్క మాట." అవతల నీ ఊపిరి వినబడింది. అది నీదే, నాకు తెలుసు. నువ్వు మాట్లాడలేదు. యాడి పిలుస్తూనే ఉంది. తర్వాత ఫోన్ పెట్టేసిన చప్పుడు.

నీ చేతిరాత చూస్తే గాని నువ్వు బతికున్నావని నమ్మలేను. రెండు మాటలు చాలు.

భార్గవి


చిక్కమగళూరు,
25 సెప్టెంబర్ 2024

భార్గవికి,

బతికే ఉన్నాను. ఎడమ భుజానికి కట్టు వేశారు. కుడి చెయ్యి బాగానే ఉంది.

విచారణ అయిపోయింది. కారులోని కెమెరా దారి వైపే చూస్తుంది కానీ మా మాటలు రికార్డవుతాయి. కారు పల్టీ కొట్టగానే రికార్డింగు ఆగిపోయింది. అంతకు ముందు నలభై సెకన్ల పాటు నాగరాజు గొంతు లేదు. ఇంజను చప్పుడు తప్ప ఏమీ లేదు. నావిగేటర్ ఆ మలుపు చదివాడా అని కమిటీ వాళ్లు నన్ను అడిగారు. చదవలేదని చెప్పాను. ఆస్పత్రిలో నాగరాజు మంచం దగ్గరకు పోయి అతన్నీ అడిగారు. చదవలేదని అతనూ ఒప్పుకున్నాడు. అతని లైసెన్సు రద్దు చేశారు. నా తప్పు లేదని తేల్చారు. నా పాయింట్లు అలాగే ఉన్నాయి, ఇప్పటికీ నేనే ముందున్నాను.

ఇంతకంటే రాయడానికి ఏమీ లేదు. ఇంటికి ఇప్పుడే రాలేను.

కోటేష్


ఖమ్మం,
6 అక్టోబర్ 2024

అన్నకు,

నువ్వు రాసింది చదివాను. అర్థం కాలేదని కాదు. నమ్మడం కుదరడం లేదు.

నీకు గుర్తుందా, నాగరాజన్న మొదటిసారి మన ఇంటికి వచ్చినప్పుడు మిరపతోటకు తెచ్చిన మందు డబ్బా మీద ఉన్న అక్షరాలన్నీ బాపుకు చదివి వినిపించాడు. ఎన్ని మూతలు కలపాలి, ఎవరు తాకకూడదు, తాకితే ఏం చేయాలి. బాపు "చాలు బిడ్డా, అన్నం తిందువు రా" అంటే "ఇంకొక్క లైన్ ఉన్నది కాకా" అన్నాడు. ఒక్క లైను వదలనివాడు నలభై సెకన్లు ఎందుకు వదిలాడు?

యాడి ఆయన కోసం మొక్కుకుంది. నీ కోసం కూడా.

ఈ ఉత్తరానికైనా సరిగ్గా సమాధానం రాయి.

భార్గవి


ఖమ్మం,
11 నవంబర్ 2024

అన్నకు,

నీ దగ్గర నుంచి ఉత్తరం రాలేదు. పేపర్లో నీ ఫొటో మాత్రం వచ్చింది. రెండోసారి చాంపియన్. ఫొటో కింద చిన్న అక్షరాలతో "నోట్స్ చదవని నావిగేటర్" అని నాగరాజన్న పేరు వేశారు. కారేపల్లిలో చాయ్ హోటల్ దగ్గర ఎవరో "అడివోనికి పుస్తకం చేతికిస్తె గంతే ఉంటది" అన్నాడట. యాడి తన చాయ్ వాడి చొక్కా మీద పోసి వచ్చింది. వేడి చాయ్ కాదులే, చల్లారిందే అని నాకు రెండుసార్లు చెప్పింది.

నిన్న ఆదివారం ఆమెను తీసుకుని నాగరాజన్న ఊరికి పోయాను. ఆయన్ని ఆస్పత్రి నుంచి ఇంటికి పంపేశారు. ఏన్కూరు మీదుగా భద్రాచలం బస్సు, అక్కడి నుంచి చర్ల దారిలో ఆటో, ఆఖర్న పత్తి చేల మధ్య నడక. ఆయన వసారాలో మంచం మీద ఉన్నాడు. నడుము కింద ఏమీ తెలియడం లేదు. వాళ్ల నాన్న దూలయ్య కాకా వరి కోతకు పోయాడు. వాళ్ల అమ్మ ఎర్రమ్మ పెద్దమ్మ మాకు మంచినీళ్లిచ్చి నన్ను పక్కకు తీసుకుపోయింది.

"బిడ్డా, ఊళ్లె ఏ కాగితమొచ్చినా ఈని కాడికే తెచ్చెటోళ్లు. ఇప్పుడు ఎవ్వలు తెస్తలేరు. ఈనికి సదువే రాదంట, పేపర్ల పడ్డదంట. నువ్వు సదువుకున్న పిల్లవు, చెప్పు. నా కొడుక్కు సదువు వచ్చా, రాదా?"

నేను నేల వైపు చూశాను. రికార్డింగులో ఆయన గొంతు లేదు కదా. ఏమని చెప్పను?

నాగరాజన్న నీ భుజం గురించి అడిగాడు. నిన్ను ఒక్క మాట అనలేదు. యాడి నీ మీద విసుక్కుంటే "వాని మీద గుస్సా కాకు యాడీ. నాకూ వానికీ మాటయింది. అంతా సక్కగనే ఉన్నది" అన్నాడు. కాళ్లు కదలని మనిషి, అంతా సక్కగనే ఉందన్నాడు.

ఒక విషయం రాయకుండా ఉండలేకపోతున్నాను. నాతో ఏం చెప్పాలన్నా ఆయన ముందు నా మణికట్టు మీద వేలితో ఒక దెబ్బ కొట్టాడు. నేను ఆయన ముఖం వైపు తిరిగేదాకా ఆగాడు. తర్వాత నోరు బాగా తెరిచి, ఒక్కో మాటా విడదీసి చెప్పాడు. కానీ గొంతు దాదాపు లేదు. "గొంతు పోయిందా కొడుకా?" అని యాడి అడిగితే ఉలిక్కిపడి గొంతు పెంచాడు. "అలవాటైంది యాడీ" అన్నాడు.

నేను మనుషుల కళ్లలోకి చూడలేనని నీకు తెలుసు. పెదాల వైపే చూస్తాను. అలా కదిలే పెదాలను ఇదివరకు ఎక్కడా చూడలేదు. ఎవరితో మాట్లాడితే ఒక మనిషికి అలా అలవాటవుతుందా అని తిరుగు బస్సులో అంతా ఆలోచిస్తూనే వచ్చాను.

భార్గవి


ఖమ్మం,
12 నవంబర్ 2024

అన్నా,

నీకు చెవులు వినబడవు.

భార్గవి


కోయంబత్తూరు,
26 నవంబర్ 2024

చెల్లెకు,

నీ రెండు ఉత్తరాలు ఒకే రోజు వచ్చాయి. చిన్నదే ముందు విప్పాను. తలుపు గడియ పెట్టుకుని కూర్చున్నాను. ఎవరైనా తలుపు కొట్టారేమో నాకు తెలియదు.

కుడి చెవి నాలుగేళ్ల కింద పోయింది. ఎడమది రెండేళ్ల కింద. ఆ జీపు రోజుల్లోనే మొదలై ఉంటుందని ఒక డాక్టరు అన్నాడు. ఇప్పుడు నాకు తెలిసే చప్పుడు ఇంజనుదొక్కటే. అది కూడా చెవికి కాదు, వీపుకు. లైసెన్సు పరీక్షలో డాక్టరు ఎదురుగా కూర్చుని అడుగుతాడు. పెదాలు చూసి జవాబు చెప్పేస్తాను. నాగరాజుకు తప్ప ఎవరికీ తెలియదు.

ఉత్తరాలు నీ కోసమే మొదలుపెట్టాననుకుంటున్నట్టు ఆగస్టులో రాశావు. అది చదివిన రోజు నిజం రాద్దామనే కూర్చున్నాను. సువర్ణ పిన్ని మీద జోకు రాశాను.

పోయిన ఏటి చాంపియన్‌షిప్ మొత్తం తొడ మీద దెబ్బలతో గెలిచింది. రికార్డింగు కోసం వాడు నోటితో చదివేవాడు, నా కోసం చేత్తో కొట్టేవాడు. రెండూ ఒకేసారి, గంటల తరబడి. చిక్కమగళూరులో వాడికి జ్వరం. దుమ్ముకు గొంతు పూడుకుపోయి దగ్గుతున్నాడు. "నోరు నొప్పించుకోకురా, చెయ్యి చాలు" అన్నది నేనే. ఆ నలభై సెకన్లు వాడు చదువుతూనే ఉన్నాడు. చేత్తో చదివాడు. ఒక్క మలుపు కూడా వదల్లేదు.

ఆ మలుపు దగ్గర వాడు ఒక్క దెబ్బే కొట్టాడు. వెంటనే చక్రం కింది నుంచి ఒక రాయి ఎగిరి నా సీటు కింద రేకుకు తగిలింది. నా తొడకు రెండు దెబ్బలు తెలిశాయి. ఎడమకు తిప్పాను.

తర్వాత బెల్టులకు తలకిందులుగా వేలాడుతున్నాం. నా కళ్లనిండా రక్తం, బురద. వాడు నా గడ్డం పట్టుకుని తన వైపు తిప్పుకున్నాడు. నాతో ఏదైనా చెప్పాలంటే ఎప్పుడూ అలాగే చేస్తాడు. చాలాసేపు చెప్పాడు. వాడి ఊపిరి ముఖానికి తగులుతోంది, అంతే. పెదాలు కనబడలేదు. ఏం చేయాలో తెలియక వాడి చెయ్యి గట్టిగా నొక్కాను. ఏం చెప్పాడో ఈ రోజుకీ తెలియదు. తిట్టి ఉంటాడు. కాళ్లు తెలియడం లేదని చెప్పాడేమో. అడగడానికి నాకు ముఖం లేదు.

విచారణలో "చదివాడా?" అన్న మాట కమిటీ పెద్దాయన పెదాల మీద స్పష్టంగా కనబడింది. చదివాడంటే, ఎలా చదివాడని అడుగుతారు. చేత్తో అంటే, ఎందుకని అడుగుతారు. లైసెన్సు పోతుంది. గెలిచినవన్నీ పోతాయి. ఇవన్నీ నాకు కన్ను మూసి తెరిచేంతలో తట్టాయి. నేను ఏ మలుపు దగ్గరా అంత వేగంగా ఆలోచించలేదు. చదవలేదన్నాను.

వాడు కూడా అదే ఎందుకు ఒప్పుకున్నాడో నాకు అర్థం కాలేదు. అడగలేదు కూడా. అది నాకు అనుకూలంగా ఉంది కాబట్టి.

ఇప్పుడు నీకు తెలిసింది.

కోటేష్


ఖమ్మం,
9 డిసెంబర్ 2024

అన్నా,

నీ ఉత్తరం చదివి, మడిచి, లైబ్రరీలో ఎవరూ తీయని పాత నిఘంటువులో పెట్టాను. ఇంటికి తీసుకుపోవాలంటే భయం వేసింది. అందులో ఉన్నది మా అన్న రాసిందే అని రోజూ ఒకసారి తెరిచి చూసుకుంటున్నాను. యాడికి ఇంకా చెప్పలేదు. బొటనవేళ్ల సంగతి ఆమెకు ఎలా చెప్పాలో తెలియడం లేదు. ఆమె రెండేళ్లుగా ఎవరికి మాట్లాడి పంపుతోంది?

నిన్న ఒక్కదాన్నే నాగరాజన్న దగ్గరకు పోయాను. భద్రాచలంలో ఆటో అతనికి ఊరి పేరు రెండుసార్లు గట్టిగా చెప్పాల్సి వచ్చింది. చెప్పాను.

మంచం పక్కన కూర్చుని ఈసారి నేనే ఆయన మణికట్టు మీద వేలితో ఒక దెబ్బ కొట్టాను. ఆయన నా ముఖం చూశాడు. నాకు తెలిసిందని అర్థమై కళ్లు మూసుకున్నాడు. "ఎవ్వలు చెప్పిండ్రు?" అన్నాడు. నువ్వే రాశావన్నాను. అప్పుడు అడిగాను, వాగులో తలకిందులుగా ఉన్నప్పుడు నీతో ఏం చెప్పాడని. ఆయన చెప్పింది చెప్పినట్టే రాస్తున్నాను.

"ఏం చెప్తా చెల్లే. రికార్డుల నా గొంతు లేకపాయె. చేత్తోని చదివిన అంటె మీ అన్న సంగతి బయటపడ్తది. గందుకే చెప్పిన. నేను చదవలే అని ఒప్పుకుంట, నువ్వు గూడ గదే చెప్పు అన్న. నా కాళ్లు తెలుస్తలేవు, ఇగ నేను కారెక్కేది లేదు, నువ్వన్న ఉండు అన్న. వాడు నా చెయ్యి ఒత్తిండు. సరే అన్నట్టు."

తర్వాత నవ్వాడు. నిజంగానే నవ్వాడు. "కమిటీ కాడ వాడు గదే చెప్పిండు చూడు. మాట తప్పలే. చెప్పెటప్పుడు వాని పానం ఎంత గుంజిందో" అన్నాడు.

అన్నా, నువ్వు విన్నావని ఆయన అనుకుంటున్నాడు. తాను అడిగాడు కాబట్టే, తన మాట మీద, ఏడుస్తూ నువ్వు ఆ అబద్ధం చెప్పావనుకుంటున్నాడు. మూడు నెలలుగా ఆ మంచం మీద ఆయన్ని నిలబెడుతున్నది అదొక్కటే. ఆయన అడగకపోయినా నువ్వు అదే చెప్పేవాడివని ఆయనకు తెలియదు. నాకు తెలుసు. నీ ఉత్తరం నా దగ్గర ఉంది.

నేను ఆయనకు చెప్పలేదు. బెదిరి కాదు. అది నేను చెప్పాల్సింది కాదు.

వచ్చేటప్పుడు ఎర్రమ్మ పెద్దమ్మ గడప దగ్గర మళ్లీ అదే అడిగింది. నా కొడుక్కు సదువు వచ్చా, రాదా అని. ఈసారి వచ్చు అన్నాను. దారిన పోతున్నవాళ్లందరూ నా వైపు తిరిగి చూశారు.

భార్గవి


చర్ల దారి, నాగరాజు ఇల్లు,
21 డిసెంబర్ 2024

చెల్లె భార్గవికి,

కమిటీకి రాసిన ఉత్తరం నిన్న భద్రాచలం పోస్టాఫీసులో రిజిస్టర్ చేసి వచ్చాను. నాలుగు వాక్యాలే. నావిగేటర్ నాగరాజు ఆ మలుపును సరిగ్గా చదివాడు. నాకు చెవులు వినబడవు కాబట్టి నేను చెప్పినట్టే చేత్తో చదివాడు. నేను తప్పు వైపు తిప్పాను. విచారణలో అబద్ధం చెప్పాను. కింద సంతకం చేశాను. పేపరు వాళ్లకూ ఒక నకలు పంపాను. కోయంబత్తూరు వదిలే ముందే రెండు ట్రోఫీలూ ఉదయ్ భాస్కర్ సార్ బల్ల మీద పెట్టి ఈ కాగితం చూపిస్తే ఆయన రెండుసార్లు చదివారు.  నాకు కనబడేలా ముఖం తిప్పి "రెండేళ్లా?" అన్నారు.

తండాకు రేపు పోతాను. యాడి పంపినవన్నీ నా ఫోన్‌లో అలాగే ఉన్నాయి. ఆమె ఎదురుగా కూర్చుని మళ్లీ చెప్పమంటాను, బర్రె దగ్గర నుంచి.

ఈ రోజు పొద్దున ఇక్కడికి వచ్చాను. ఎర్రమ్మ పెద్దమ్మ వాకిట్లో వడ్లు చెరుగుతోంది. నన్ను చూసి నాగరాజు ముఖం వెలిగిపోయింది. మంచం పట్టె మీద చేత్తో ఒక దెబ్బ కొట్టాడు. కుడి పక్కకు వచ్చి కూర్చోమని. కూర్చున్నాను.

నకలు వాడి చేతికిచ్చాను. మొత్తం పైకి చదివాడు. తేదీ, నాలుగు వాక్యాలు, ఆఖర్న నా సంతకం, రిజిస్టర్ చీటీ మీద నంబరు కూడా. వాకిట్లో వాళ్ల అమ్మ వినాలనే గట్టిగా చదివాడేమో, మెడ నరాలు ఉబ్బాయి. చదివి నా మీద కోపం చేశాడు.

"గిదెందుకు రాసినవ్ రా? మనం అనుకున్నం కద. నా కాళ్లెట్లాగూ పోయినయ్, నీ బండన్న ఉంటది అనుకున్న."

అప్పుడు చెప్పాను. ఆ రోజు వాగులో వాడు అన్నది ఒక్క ముక్క కూడా నాకు తెలియదని. కళ్లలో రక్తం ఉండి పెదాలు కనబడలేదని. చెయ్యి ఊరికే నొక్కానని. నీ ఉత్తరం వచ్చేదాకా వాడు ఏం చెప్పాడో నాకు తెలియదని.

వాడికి ముందు అర్థం కాలేదు. తల ఊపాడు, పోనీలే అన్నట్టు. తర్వాత ఆ తల ఊపడం మధ్యలోనే ఆగింది. కాగితం వైపు చూశాడు. నా వైపు చూశాడు. చెయ్యి చాచి నా గడ్డం పట్టుకుని తన వైపు తిప్పుకున్నాడు. నాకు సరిగ్గా తెలియాలని, నోరు బాగా తెరిచి, ఒక్కో మాటా విడదీసి అడిగాడు.

"మరి కమిటీ కాడ, నీ అంతట నువ్వే అన్నవా?"

ఒక్క అక్షరం కూడా పోలేదు. అన్నీ కనబడ్డాయి.

అవ్ అన్నాను. ఎంత గట్టిగా అన్నానో నాకు తెలియదు. వాకిట్లో ఎర్రమ్మ పెద్దమ్మ చేతిలో చేట ఆగిపోయింది.

కోటేష్